సూరీడి గోళ్లు

వీరబాబుకి ఎరుపూ గోధుమరంగూ ఒకలాగే కనిపిస్తాయి. ఆ సంగతి ఇరవై మూడేళ్లప్పుడు, రైల్వే ఉద్యోగానికి రాతపరీక్ష పాసయ్యాక, మెడికల్ టెస్టులో బయటపడింది. డాక్టరు చుక్కల పుస్తకం తెరిచి అందులో ఏ అంకె ఉందో చెప్పమన్నారు. అతనికి చుక్కలు తప్ప అంకె కనపడలేదు. నాలుగైదు పేజీలు తిప్పి డాక్టరు పుస్తకం మూసేశారు.

ఇంటికొచ్చి చెబితే తల్లి రత్తమ్మ ఆశ్చర్యపోలేదు. మొగల్తూరు అవతల సముద్రపొడ్డున చేపలమ్ముకుని బతికే ఇల్లు వాళ్లది.

"నాకు ఎప్పుడో తెలుసురా. మొప్పలు ఎర్రగా ఉన్నాయో నల్లబడ్డాయో చూడమంటే ఒక్కసారీ సరిగ్గా చెప్పలేదు నువ్వు. అందుకే కదా, చేప కన్ను చూడు, వేలితో నొక్కి చూడు అని నేర్పాను," అంది.

ఇప్పుడతనికి ముప్పై రెండు. రాజమండ్రి దానవాయిపేటలో మణిశంకర్ గారి పెంపుడు జంతువుల షాపులో ఎనిమిదేళ్లుగా పనిచేస్తున్నాడు. మొదట్లో అక్కడ రంగు చేపలు, కుక్కపిల్లలే ఉండేవి. మూడేళ్ల నుంచి బియర్డెడ్ డ్రాగన్లు కూడా పెడుతున్నారు. మూరెడు పొడవుండే తొండలు, గొంతు కింద ముళ్ల గడ్డం. కొనడానికొచ్చేవాళ్లు ముందు రంగే అడుగుతారు. నిమ్మపండు రంగుదుందా, ఎర్రది కావాలి, తెల్లది తెప్పిస్తారా అని.

చిత్రమేమిటంటే, ఏది ఏ రకమో తేల్చి చెప్పడంలో ఆ షాపులో వీరబాబుదే చివరిమాట. వీటి రంగు పూటకోలా ఉంటుంది. చలిగా ఉంటే నల్లబడతాయి, ఒళ్లు వేడెక్కితే విప్పారతాయి, బెదిరితే గడ్డం మసిలా అవుతుంది, కుబుసం విడిచే ముందు బూడిద పూసినట్టుంటాయి. కళ్లున్నవాళ్లందరూ ఆ రంగు చూసి మోసపోయేవారు. వీరబాబు మారనివి చూసేవాడు. గోళ్లు గాజులా తేటగా ఉన్నాయా, వాటిలో నల్లగీత ఉందా. కంట్లో పాప చుట్టూ వలయం కనపడుతోందా, కన్నంతా నలుపేనా. వీపు మీద చేత్తో నిమిరితే ముళ్లు తగులుతున్నాయా, నున్నగా ఉందా. ప్రతి పిల్లకీ ఇవన్నీ ఓ పుస్తకంలో రాసుకునేవాడు.

అలా రాసుకున్నవాటిలో కొవ్వూరులో ఫిజిక్స్ లెక్చరర్ జానకిరామ్ గారు కొన్న పిల్ల ఒకటి. ఆయన దానికి సూరీడని పేరు పెట్టుకున్నారు. రెండేళ్లుగా, నెలకో ఆదివారం వంతెన దాటి వచ్చి, దాని తిండికి కీచురాళ్ల డబ్బా కొనుక్కుని, ఓ గంటసేపు వీరబాబుతో సూరీడి కబుర్లు చెప్పి వెళ్లేవారు. మార్చి నుంచి రావడం మానేశారు.

మే నెల రెండోవారంలో ఆయన అన్నగారు అనంతకృష్ణ సూరీణ్ణి పంజరంతో సహా ఆటోలో తీసుకొచ్చారు.

"సార్ రాలేదేంటండి?" అన్నాడు వీరబాబు.

"తమ్ముడు పోయాడు బాబూ. మొన్న శుక్రవారం."

వీరబాబు పంజరం రెండు చేతులా అందుకున్నాడు.

"ఇంటినిండా చుట్టాలు. కర్మలు జరిగే ఇంట్లో ఈ తొండేంటని పెద్దవాళ్లు గొడవ. ఓ రెండువారాలు ఇక్కడుంచుకోండి. మా మరదలు మరీమరీ చెప్పింది, జాగ్రత్తగా చూడమని. తనే వచ్చి తీసుకెళ్తుందట."

పది రోజులు వీరబాబు సూరీణ్ణి తన చేత్తోనే చూసుకున్నాడు. పొద్దున్నే తోటకూర తరిగి పెట్టేవాడు. మధ్యాహ్నం మందారపువ్వు. ఆ తర్వాత మేనకోడలి పెళ్లని నాలుగు రోజులు ఊరెళ్లాడు.

తిరిగొచ్చిన రోజు పొద్దున తొట్టెలో చెయ్యి పెట్టి సూరీణ్ణి తీశాడు. అది ముడుచుకుని, గోళ్లతో అతని మణికట్టు పట్టుకుంది. వీరబాబు ఆ గోళ్ల వంక చూసి అలాగే నిలబడిపోయాడు. ప్రతి గోటిలోనూ సన్నగా నల్లగీత ఉంది. సూరీడి గోళ్లలో ఒక్క గీతైనా ఉండదు. అనుమానం తీరక పుస్తకం తెరిచి చూశాడు. తన రాతే, 'గోళ్లన్నీ తేట' అని.

"సార్, ఇది సూరీడు కాదండి," అన్నాడు.

మణిశంకర్ గారు కుర్చీలోంచి లేచి వచ్చి షాపు తలుపు దగ్గరగా వేశారు.

"మొన్న పొద్దున కరెంటు పోయింది. లైటు వెలగదు కదా, వీటికి ఎండ కావాలని నువ్వేగా చెప్తుంటావు. గాజుతొట్టె డాబా మీద పెట్టాను. కాసేపే అనుకున్నాను వీరబాబూ. ఫోనొచ్చింది, కింద ఎవరో వచ్చారు. ముప్పావుగంట. వెళ్లి చూసేసరికి నోరు తెరుచుకుని పడుంది." ఆయన వీరబాబు చేతిలో ఉన్నదాన్ని చూపించారు. "మన దగ్గరున్నవాటిలో దీన్ని ఎంచాను. రెండూ పక్కపక్కన పెట్టి చూశాను. రంగు అచ్చు అదే."

"ఆవిడకి చెప్పాలి కదండి."

"మొగుడు పోయి నెల రోజులు కాలేదు. వెళ్లి ఇదీ పోయిందని చెప్పమంటావా? చెప్పి ఏం ఒరగబెడతాం? ఇది ఇంటికెళ్తే ఆవిడకి కాస్త ఊరట. ఆలోచించు."

వీరబాబు ఆలోచించాడు. ఆ మాటలో న్యాయం ఉన్నట్టే తోచింది. ఏదో తప్పున్నట్టూ తోచింది. చేతిలోదాన్ని తిరిగి తొట్టెలో పెట్టేశాడు.

రెండు రోజుల తర్వాత జానకిరామ్ గారి భార్య శ్రీసుధ వచ్చింది. నలభై ఏళ్లుంటాయి, నీరసంగా ఉంది. పంజరం ముందు వంగి, లోపలున్నదాని తలవైపు చాలాసేపు చూసింది.

"కనురెప్పల అంచున పసుప్పచ్చగా ఉండేది. లేదేంటండి?"

"కుబుసం విడిచే ముందు అలాగే వెలిసిపోతుందమ్మా," అన్నారు మణిశంకర్ గారు. "మా వీరబాబుని అడగండి. వీటి సంగతి అతనికి తెలిసినంతగా ఎవరికీ తెలీదు."

ఆమె వీరబాబు వైపు తిరిగింది. అతను నేలకేసి చూస్తూ, "కుబుసానికి ముందు రంగు తగ్గుద్దండి," అన్నాడు.

ఆ మాటలో అబద్ధం లేదు. ఏ పుస్తకంలో చూసినా అదే ఉంటుంది.

"అంతేనేమో. నాకే అలా కనపడుతోందేమో. ఈమధ్య అన్నీ అలాగే ఉన్నాయి," అని ఆమె పంజరం తీసుకుని వెళ్లిపోయింది.

నాలుగో రోజు షాపుకి ఫోన్ చేసింది. మణిశంకర్ గారు లేకపోతే వీరబాబే తీశాడు.

"ఏమీ తినడం లేదండి. గడ్డమంతా నల్లగా అయిపోయింది. చెయ్యి పెడితే మూలకి పోతోంది."

అతను అలవాటుగా, "కొత్త చోటు కదండి, బెదురు పోవాలి," అనేశాడు.

"కొత్త చోటేంటండి? వాడి ఇల్లే కదా ఇది," అంది.

వీరబాబు ఫోన్ పెట్టేశాడు. మర్నాడు ఆదివారం. స్నానం చేసి, బస్సెక్కి, గోదావరి దాటి కొవ్వూరులో దిగాడు. వంతెన పొడవునా ఏం చెప్పాలో అనుకుంటూనే ఉన్నాడు. ఆ ఇంటి మెట్లెక్కేసరికి అదంతా మర్చిపోయాడు.

ఆమె ముందుగదిలో కుర్చీ వేసి మంచినీళ్లిచ్చింది. కిటికీ పక్కనే పంజరం. వీరబాబు నీళ్లు తాగకుండా గ్లాసు కింద పెట్టాడు.

"అమ్మగారూ, అది మీ సూరీడు కాదండి."

అతను చెప్పుకుపోయాడు. డాబా, ఎండ, ముప్పావుగంట. తను ఊళ్లో లేకపోవడం. వచ్చాక గోళ్లు చూడటం. ఆమె అడిగినప్పుడు తెలిసి తెలిసీ కుబుసం మాట చెప్పడం. ఎక్కడా మణిశంకర్ గారి మీదకి తోసెయ్యకుండా, తన వంతు తనదిగా చెప్పాడు.

"వాడు బాధపడ్డాడా?" అని అడిగింది శ్రీసుధ చివరికి.

లేదండి అనడం తేలిక. "పడే ఉంటుందండి. అంత వేడికి," అన్నాడు.

"ఎక్కడ పాతిపెట్టారు?"

"పాతలేదండి. ఆ రోజు మునిసిపాలిటీ బండిలో వేసేశారంట."

ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. వీరబాబు లేచి నిలబడ్డాడు. తిడితే బాగుండుననిపించింది.

"మా ఆయన కళ్లు పచ్చబడ్డ సంగతి నాకు కనపడలేదండి," అంది ఉన్నట్టుండి. "రోజూ ఎదురుగా కూర్చుని భోజనం వడ్డించినదాన్ని. పాత స్టూడెంటొకడు వచ్చి, మాస్టారి కళ్లు అలా ఉన్నాయేంటమ్మా అన్నాడు. అప్పుడు చూశాను. హాస్పిటల్‌కి తీసుకెళ్తే జబ్బు లివర్ అంతా పాకిపోయిందన్నారు. రెండు నెలలు ముందొచ్చినా పెద్దగా ఉపయోగం ఉండేది కాదన్నారులెండి. అయినా ఆ మాట నా చెవికెక్కదు. అప్పట్నుంచి ఎవరు కనపడినా ముందు కళ్లే చూస్తాను. ఆయన హాస్పిటల్లో ఉన్నన్నాళ్లూ వాడికి నేనే తిండి పెట్టాను. వాడి కళ్లూ చూసేదాన్ని. రెప్పల అంచున పసుపు ఎక్కడిదాకా ఉంటుందో నాకు తెలుసు."

ఆమె పంజరం వైపు చూపించింది.

"ఇది వాడు కాదని నేను ఇంటికి తెచ్చిన రోజే అన్నాను. మా బావగారు, మా అమ్మ, అందరూ నీకు మనసు బాగోలేదు, భ్రమ అన్నారు. డాక్టర్‌కి చూపిద్దామని కూడా అనుకుంటున్నారు."

ఆమె లేచి లోపలికి వెళ్లింది. "బావగారూ, ఒక్కసారి ఇలా రండి," అని పిలవడం వినిపించింది. అనంతకృష్ణ గారు పేపర్ చేత్తో పట్టుకుని వచ్చారు. వీరబాబుని గుర్తుపట్టి తలూపారు.

"చెప్పండి," అంది శ్రీసుధ. "నాకు చెప్పింది మళ్లీ మొత్తం చెప్పండి."

వీరబాబు మళ్లీ మొదట్నుంచి చెప్పాడు. మొదటిసారి కంటే రెండోసారి చెప్పడమే కష్టమైంది. అనంతకృష్ణ గారి ముఖం కోపంతో బిగుసుకుంది. "ఎంత మోసం! ఊరికే వదలకూడదు వీళ్లని," అన్నారు.

"అది తర్వాత చూద్దాం బావగారూ," అంది ఆమె. "నేను చూసింది నిజమేనని ముందు మీరు అనండి."

ఆయన మరదలి ముఖంలోకి చూశారు. కోపం దిగిపోయింది. "నిజమేనమ్మా. నువ్వు చూసింది నిజమే," అన్నారు.

అప్పుడామెకి ఏడుపొచ్చింది. భర్త పోయిన రోజున ఏడ్చిందో లేదో వీరబాబుకి తెలియదు. ఇప్పుడు మాత్రం గోడకి ఆనుకుని, చిన్నపిల్లలా గుక్కపట్టి ఏడ్చింది. లోపల్నుంచి ఆమె తల్లి పరుగెత్తుకొచ్చి పట్టుకుంది.

వీరబాబు వెళ్లేముందు, "దీన్ని తీసుకెళ్లిపోనాండి?" అని అడిగాడు.

ఆమె ముఖం తుడుచుకుని పంజరం వంక చూసింది. "దాని తప్పేముంది? ఉండనివ్వండి. ఎలా చూసుకోవాలో చెప్పండి."

అతను చెప్పాడు. రెండు రోజులు పంజరం మీద సగం వరకు గుడ్డ కప్పమన్నాడు. పై నుంచి చెయ్యి పెట్టొద్దన్నాడు, పై నుంచి వచ్చేది ఏదైనా గద్ద అనుకుంటుందని. పక్క నుంచి, నెమ్మదిగా పెట్టమన్నాడు.

సోమవారం పొద్దున షాపులో మణిశంకర్ గారికి తను చేసింది చెప్పాడు. ఆయన అరవలేదు.

"నాకు చెప్పి వెళ్లుంటే నేనూ వచ్చేవాణ్ణేమో," అన్నారు.

"వచ్చేవారాండి?"

ఆయన చేపలకి మేత వెయ్యడానికి వెళ్లిపోయారు. ఆ నెలాఖరుకి వీరబాబు అక్కడ మానేశాడు. ఆయన పొమ్మనలేదు, ఇతను కోపగించుకోలేదు. కానీ ఒకరి ముఖం ఒకరు చూసుకోలేకపోయారు. తుని రోడ్డులో ఒక పశువుల డాక్టరు దగ్గర పని దొరికింది. జూన్‌లో మణిశంకర్ గారు ఒక్కరే కొవ్వూరు వెళ్లారనీ, శ్రీసుధ గుమ్మంలోనే నిలబెట్టి రెండు మాటలు విని పంపేసిందనీ తర్వాతెప్పుడో తెలిసింది.

కొవ్వూరు వెళ్లొచ్చిన ఎనిమిదో రోజున శ్రీసుధ అతనికి ఫోన్ చేసింది. గుడ్డ తీసేశానంది. పొద్దున మందారపువ్వు పక్క నుంచి పెడితే ముందు వాసన చూసి, తర్వాత రేకులన్నీ తినేసిందంది. గడ్డం కింద నలుపు ఇంకా కాస్త ఉందంది.

"పోతుందండి. పేరేమన్నా పెట్టారాండి?" అని అడిగాడు వీరబాబు.

"ఇంకా లేదండి," అంది ఆమె. "తొందరేముంది. ముందు దీన్ని సరిగ్గా చూడనివ్వండి."