వనజాక్షి గారి కటౌట్

నేను ఒక నటిని కాను. నటి ఆకారంలో కోసిన ఆరడుగుల ప్లైవుడ్డు చెక్కను. నా మీద రంగుల్లో ఉన్నది వనజాక్షి గారు, చీరాల గజలక్ష్మి టాకీసులో మార్నింగ్ షోల మహారాణి. నలభై ఐదేళ్లకు తోటి హీరోయిన్లంతా తల్లి వేషాలకు దిగిపోతే, ఈవిడ మాత్రం చెంపల దగ్గర నెరిసిన జుట్టుతో, 'పెద్దలకు మాత్రమే' అన్న ఎర్రక్షరాల పక్కన దర్జాగా నిలబడ్డారు.

ఊళ్లో పెద్దమనుషులు తలమీద తువ్వాలు కప్పుకుని వచ్చేవారు. ఆట వదిలాక, పక్క బడ్డీలో మజ్జిగ తాగడానికే వచ్చినట్టు మొహం పెట్టి వెళ్లేవారు. బట్టల వ్యాపారి పట్టాభి గారి ఎర్రంచు తువ్వాలును నేను ఎక్కడున్నా గుర్తుపడతాను.

టాకీసు కల్యాణమండపం అయ్యాక నన్ను పొయ్యిలోకి అమ్మబోతుంటే, జాకెట్లు కుట్టే నాగరత్నం రిక్షాలో వేయించుకుని తన కొట్టు ముందు నిలబెట్టింది. నాకు నిజం చీర చుట్టింది. వీపు లేనిదాన్ని కాబట్టి కుచ్చుచేతుల జాకెట్టు ముందు భాగం మాత్రం కుట్టి తగిలించింది.

నలభై దాటితే బూడిద రంగులే కట్టాలనుకునే ఆడవాళ్లు నా ముందు ఆగేవారు. "మన ఈడుదేనే! ఎంత నిబ్బరంగా ఉందో చూడు" అంటూ అవే కుచ్చుచేతులు, అదే రాణీరంగు అడిగేవారు. నాగరత్నం మిషను ఆగితే ఒట్టు. మగవాళ్లు మాత్రం ఎదుటి కరెంటు స్తంభాన్ని శ్రద్ధగా చూస్తూ వెళ్లేవారు. నన్ను గుర్తుపట్టామంటే, ఎక్కడ చూశారని ఇంట్లో అడుగుతారు కదా!

చివరికి పట్టాభి గారే తెగించారు. నాగరత్నానికి ఆ కొట్టు అద్దెకిచ్చింది ఆయనే. తన భార్య కామాక్షమ్మ లోపల కొలతలిస్తోందని పాపం ఆయనకు తెలియదు.

"సాయంత్రానికల్లా ఆ బొమ్మన్నా తియ్యి, కొట్టన్నా ఖాళీ చెయ్యమ్మా. బజారు పరువు పోతంది."

"నిండుగా కట్టుకునే ఉందిగా బాబుగారూ?" అంది నాగరత్నం.

"అది కాదమ్మా... ఆవిడ..."

"ఎవరండీ ఆవిడ?" లోపలినుంచి కామాక్షమ్మ గొంతు.

"నాకేం తెలుసు!" అని ఎర్రంచు తువ్వాలుతో చెమట తుడుచుకున్నారు.

సరిగ్గా అప్పుడే ఆటో ఆగింది. చీరలు కొనడానికి ఊళ్లోకి వచ్చిన ఒక పెద్దావిడ దిగారు. తల ముగ్గుబుట్ట. నన్ను కిందినుంచి పైదాకా చూసి నవ్వారు. ఆ నవ్వు నా మొహంమీదా ఉంది.

పట్టాభి గారు తేరిపార చూశారు. ఏమనుకున్నారో, భుజంమీది తువ్వాలు తీసి చంకలో పెట్టుకుని చేతులు జోడించారు.

"నమస్కారమండీ, వనజాక్షి గారూ!"

నన్ను తొలుస్తున్న చెదపురుగు కూడా నమలడం ఆపింది.

కామాక్షమ్మ బయటికి వచ్చింది. "తెలుసన్నమాట."

ఆయన తల దించుకున్నారు.

"ఊళ్లో ప్రతి గోడమీదా ఆవిడ పోస్టరేగా! ఎరగని ఆడదుందా ఈ చీరాలలో? తెలియకే కుట్టించుకుంటన్నామా ఈ జాకెట్లు?" అని, కామాక్షమ్మ వనజాక్షి గారికి స్టూలు వేసింది. "కూర్చోండమ్మా."

నాగరత్నం తల వంచుకుని టేపు సవరించుకుంది. తనకూ మొదటినుంచీ తెలుసన్నమాట! తెలియదనుకున్న వెర్రిదాన్ని నేనొక్కదాన్నే.

నేనిప్పటికీ ఆ కొట్టు ముందే ఉన్నాను. పట్టాభి గారు రోజూ నావంక చూసే వెళుతున్నారు, తువ్వాలు భుజంమీదే వేసుకుని.