రెండు దారుల పెట్టె

మా కాలేజీ భౌతికశాస్త్రం ల్యాబులో ఇరవై నాలుగేళ్లుగా పనిచేస్తున్నాను. పాఠాలు చెప్పేది మాస్టార్లు, పరికరాలు పనిచేసేలా చూసేది నేను. ఈ మాట అంటే పెద్ద మాస్టారికి కోపం, అనకపోతే నాకు కోపం. అందుకని రోజుకు ఒక్కసారైనా అంటాను.

మూడో బల్ల మీద నా చేతులతో బిగించిన పెట్టె ఒకటుంది. పిల్లలు దాన్ని రెండు దారుల పెట్టె అంటారు. ఒక మూల నుంచి ఎర్ర లేజరు వెలుగు లోపలికి వెళ్తుంది. దానికి అడ్డంగా నల్ల అద్దాలు పెట్టి, ఒకసారికి ఒక్క కాంతి కణం మాత్రమే వెళ్లేంతగా వెలుగును తగ్గిస్తాం. సగం పూత పూసిన అద్దం దగ్గర దారి రెండుగా చీలుతుంది. రెండు దారులూ చెరో అద్దానికి తగిలి, తిరిగి ఒకచోట కలుస్తాయి. అక్కడ లెక్కపెట్టే యంత్రం ఉంటుంది. కణం వచ్చినప్పుడల్లా అది టిక్కుమంటుంది.

ఉన్నది ఒక్క కణం, కాబట్టి అది ఏదో ఒక దారినే వెళ్లి ఉంటుందని ఎవరైనా అనుకుంటారు. నేనూ అనుకున్నాను. కానీ ఒక దారి పక్కనున్న మరను కొద్దికొద్దిగా తిప్పి ఆ దారి పొడవు మారుస్తూ పోతే టిక్కులు పెరుగుతాయి, తగ్గుతాయి, దాదాపు ఆగిపోతాయి, మళ్లీ పెరుగుతాయి. గ్రాఫు గీస్తే అల వస్తుంది. అటు వెళ్లిన కణానికి ఇటు దారి పొడవుతో పనేమిటి? అదే తమాషా. ఏ దారిన వెళ్లిందో పట్టుకుందామని దారిలో గుర్తేదైనా పెట్టామా, అల పోయి గీత తిన్నగా వచ్చేస్తుంది. ఏటా ఈ పాఠం చెప్పేటప్పుడు పెద్ద మాస్టారు, మనం చూస్తే చాలు అది మారిపోతుందని గొంతు తగ్గించి మరీ చెబుతారు. ఇరవై నాలుగుసార్లు విన్నాను గనక నాకు ఆ మాట బుర్రలో నాటుకుపోయింది. లెక్క నడుస్తున్నంతసేపూ ఆ పెట్టె వైపు చూడను, గోడకేసి తిరిగి నిలబడతాను. నవ్వేవాళ్లను నవ్వనిచ్చాను.

మా తమ్ముడి కూతురు ఇదే కాలేజీలో ఆఖరి సంవత్సరం చదువుతోంది. అన్నం తిన్నా, చెప్పులు వేసుకున్నా నిదానమే గనక ఇంట్లో దాన్ని నత్త అంటాం. మేమిద్దరం కలిసి వీధిలోకి వస్తే 'అత్తా నత్తా బయల్దేరారు' అని పక్కింటివాళ్లు కూడా అంటారు. నిదానమైనా చెయ్యి శుభ్రం. నిరుడు మాత్రం ప్రాక్టికల్ పరీక్షలో పరీక్షకుడు వచ్చి వెనకాల నిలబడేసరికి దాని చెయ్యి వణికింది, మర ఎక్కువ తిరిగింది, పరీక్ష పోయింది. ప్రాక్టికల్ రెండుసార్లు తప్పితే మూడో అవకాశం ఇవ్వరు, మా కాలేజీ నియమం. ఈసారి పోతే డిగ్రీ లేదు, ఇన్నేళ్ల చదువూ బూడిదలో పోసినట్టే. ఏడాదిగా అది సాయంత్రాలన్నీ ల్యాబులోనే గడిపింది. రెండు దారుల పెట్టె మీద ఎన్నిసార్లు రీడింగులు తీసిందో దానికే లెక్క లేదు.

ఇక నా ఘనకార్యం చెప్పాలి. తమ్ముడు పాడైన టీవీ తెరలు బాగుచేస్తాడు. తెర మీంచి ఒలిచిన బూడిదరంగు పొరలు ఇంట్లో కట్టలుగా పడి ఉంటాయి. పారెయ్యడానికి నాకు చేతులు రావు. గడియారం మీద దుమ్ము పడకుండా అదే, నా ఫోను మీదా అదే. దాని గుండా చూస్తే వెలుగు సగం తగ్గుతుంది తప్ప అంతా కనిపిస్తుంది. రెండు ముక్కలు ఒకదాని మీద ఒకటి పెట్టి, పైదాన్ని అడ్డంగా తిప్పితే మాత్రం చిమ్మచీకటి. నత్త చిన్నప్పుడు ఆ ఆటతోనే అన్నం తినేది.

శనివారం పరీక్ష. గురువారం సాయంత్రం పెద్ద మాస్టారు స్వయంగా పెట్టెలో అద్దాలు సరిచేసి, అల వస్తోందని చూసుకుని, ఇక మీదట ఎవరి చెయ్యీ లోపలికి పోకూడదని హుకుం జారీ చేశారు. శుక్రవారం పొద్దున పక్క గదిలో గోడ తొలచడం మొదలుపెట్టారు. దుమ్ము తెల్లగా దిగుతోంది. పెట్టె లోపల ఒక్కో దారి మొదట్లో గుండ్రటి కన్నం ఉంటుంది. అందులోంచి దుమ్ము వెళ్లి అద్దాల మీద పడిందంటే తుడవడానికి నెల పడుతుంది. మాస్టారు ఇంకా రాలేదు. నా సంచిలో ఆ పొర చీలిక ఒకటి ఉంది. ఒక ముక్క నిలువుగా కత్తిరించి మొదటి కన్నానికి అంటించాను. మిగిలింది పొడవు చాలక, అడ్డంగా తిప్పి రెండోదానికి అంటించాను. మూత పెట్టి, నా తెలివికి నేనే మురిసిపోయాను. పదకొండింటికి మాస్టారు వచ్చి, మూత తియ్యకుండానే దాని మీద కాగితం సీలు అంటించి సంతకం పెట్టారు. చెబితే ఇంతెత్తున లేస్తారని నేను నోరు మూసుకున్నాను.

శనివారం బయటి నుంచి పరీక్షకురాలు వచ్చారు. పొట్టిగా, నెరిసిన జుట్టుతో, మాట తక్కువ మనిషి. నా మేనకోడలు పరీక్ష రాస్తోందని నేనే వెళ్లి చెప్పాను. అయితే హాల్లో ఉండొద్దని, సామాన్ల గదిలో కూర్చోమని అన్నారు. ఆ గదికీ హాలుకీ మధ్య అద్దాల తలుపు. అందులో ఒక అద్దం ఎప్పుడో పగిలింది, మాటలన్నీ వినిపిస్తాయి.

ఎవరికి ఏ బల్లో చీటీలు తీశారు. నత్తకు మూడో బల్ల వచ్చింది. నాకు ఎగిరి గంతెయ్యాలనిపించింది. దానికి కళ్లు మూసుకున్నా వచ్చే ప్రయోగం అది.

లెక్క మొదలవగానే అలవాటు ప్రకారం గోడకేసి తిరిగి కూర్చున్నాను. నా చూపు తగిలి దాని అల పాడవకూడదని నా బాధ. చాలాసేపటికి ఉండబట్టలేక ఒక్కసారి తిరిగి చూశాను. నత్త భుజాలు బిగుసుకుని ఉన్నాయి. రాసిన కాగితం పక్కన పెట్టి మళ్లీ మొదటి రీడింగు నుంచి తీస్తోంది. అల రావడం లేదని నాకు అర్థమైపోయింది.

మా ల్యాబులో ఎవరూ పైకి చెప్పని ఆచారం ఒకటుంది. రీడింగులు సరిగ్గా రాకపోతే పాతవాళ్ల రికార్డులోంచి అల దింపేస్తారు. మార్కులు వేసేవాళ్లకీ తెలుసు, వేయించుకునేవాళ్లకీ తెలుసు. నేను నీళ్ల కూజా పట్టుకుని హాల్లోకి వెళ్లి, మూడో బల్ల పక్కనుంచి నడుస్తూ, పెదవి కదపకుండా, అల గీసెయ్యవే, అందరూ గీసేదే అన్నాను. ఆ మాట అన్నందుకు ఇప్పటికీ సిగ్గుపడతాను. నత్త తలెత్తలేదు. రాలేదు కదత్తా అని గొణిగి, వచ్చింది వచ్చినట్టే కాగితం మీద పెట్టింది. పన్నెండు చుక్కలు, వాటి మీదుగా తిన్నని గీత.

నేను సామాన్ల గదిలోకి తిరిగి వచ్చేసరికి పరీక్షకురాలు ఆ గీత చూసి ఆగారు. రీడింగులు రెండుసార్లు తీశానని, రెండుసార్లూ ఇలాగే వచ్చాయని నత్త చెప్పింది. వెనకాలే వచ్చిన పెద్ద మాస్టారు, గురువారం తానే చూశానని, అల చక్కగా వచ్చిందని, అమ్మాయి మర తిప్పడంలో ఏదో పాడుచేసిందని, నిరుడూ ఇదే కథ అని చెప్పుకొచ్చారు. సున్నా వెయ్యడం తప్ప వేరే దారి లేదన్నారు.

పరీక్షకురాలు ఆయన మాట వినిపించుకోనట్టే నత్తను అడిగారు. "అల ఎందుకు పోయిందనుకుంటున్నావు?"

"కణం ఏ దారిన వెళ్లిందో తెలిసిపోయే గుర్తు లోపలెక్కడో ఉండి ఉంటుందండీ."

"పెట్టె మూసి ఉంది, సీలు వేసి ఉంది. లోపలికి ఎవరు చూశారు?"

"ఎవరూ చూడక్కర్లేదండీ. చూస్తే తెలిసేలా గుర్తు మిగిలితే చాలు. మనిషి కళ్లతో దానికి పనిలేదు."

అంటే ఇరవై నాలుగేళ్లు నేను ఊరికే గోడకేసి తిరిగానన్నమాట. నవ్వు రాబోయింది. అంతలో గుర్తు అన్న మాటతో శుక్రవారం నేను చేసిన పని గుర్తుకొచ్చింది. ఒక కన్నానికి పొర నిలువుగా, ఇంకోదానికి అడ్డంగా. ఇటు వెళ్లిన వెలుగు నిలువుగా ఊగుతూ, అటు వెళ్లింది అడ్డంగా ఊగుతూ బయటికొస్తుంది. రెండు దారులకూ చెరో గుర్తు వేసింది ఎవరో కాదు, నేను.

ఆ గుర్తు ఎక్కడుందో చెప్పగలవా అని పరీక్షకురాలు అడిగారు. చెబితే పెట్టె తెరిపించి చూస్తానని, చెప్పలేకపోతే మాస్టారి మాటే నిలబడుతుందని కూడా అన్నారు.

నత్త తలెత్తింది. అద్దాల తలుపు గుండా నేరుగా నా మొహంలోకి చూసింది.

"తెలియదండీ," అంది.

ఆ ముక్కే కాగితం మీద కూడా రాసింది. దాని చెవులు ఎర్రగా కందిపోయాయి. పుట్టినప్పటి నుంచీ నా చేతుల్లో పెరిగిన పిల్ల, అబద్ధం ఆడితే చెవులే పట్టిచ్చేస్తాయి. దానికి తెలుసు. టిక్కులు ఎప్పటికన్నా సగానికి పడిపోయి ఉంటాయి. వెలుగును సగం చేసే వస్తువు మా ఇంట్లో ఏముందో, దాన్ని దొరికిన ప్రతిదానికీ అంటించే మనిషి ఎవరో దానికి ఒకరు చెప్పాలా? మొదటి రీడింగుకే తెలిసిపోయి ఉంటుంది. నా ఉద్యోగం కోసం తన డిగ్రీ వదులుకుంటోంది.

నేను నోరు విప్పితే, సొంత మనిషి పరీక్ష పెట్టెలో చెయ్యి పెట్టిందని దాని పరీక్షే రద్దు చెయ్యొచ్చు. విప్పకపోతే సున్నా ఖాయం. ఏది మేలో ఎంత ఆలోచించినా తేలలేదు. ఆ పిల్ల నా కోసం అబద్ధమాడుతుంటే నేను తలుపు వెనకాల దాక్కుని కూర్చోవడం మాత్రం నావల్ల కాలేదు. లేచి హాల్లోకి వెళ్లాను.

"ఆ గుర్తు పెట్టింది నేనండీ. దుమ్ము పడుతుందని రెండు కన్నాలకూ పొర అంటించాను. ఒకటి నిలువు, ఒకటి అడ్డం."

పెద్ద మాస్టారు అనుకున్నట్టే ఇంతెత్తున లేచారు. పరీక్షకురాలు నన్ను మూడు ప్రశ్నలు అడిగారు. ఎప్పుడు పెట్టావు? శుక్రవారం పొద్దున. ఈ బల్ల ఎవరికొస్తుందో అప్పటికి తెలుసా? తెలియదు. అమ్మాయికి చెప్పావా? ఎవరికీ చెప్పలేదు. ఆవిడ తల ఊపి, సీలు చింపబోతూ దాని మీద సంతకం చదివారు. లోపల చూడకుండానే పెట్టారా అని మాస్టారిని మామూలుగానే అడిగారు. నాకు ఆ స్థితిలో కూడా కాస్త సంతోషం వేసిందని ఒప్పుకోవాలి.

ఆవిడ రెండు ముక్కలూ ఒలిచి, అంటించిన తీరులోనే ఒకదాని మీద ఒకటి పెట్టి కిటికీకేసి పట్టుకున్నారు. చీకటి. ఒకటి తిప్పారు. వెలుగొచ్చింది. ఈ పొర అభ్యర్థికి సాయం చెయ్యలేదు, అన్యాయమే చేసింది, కాబట్టి రద్దు మాట లేదని తేల్చి, మళ్లీ పన్నెండు రీడింగులు తియ్యమన్నారు. తీస్తున్నంతసేపూ నత్త వెనకాలే నిలబడ్డారు. పెద్ద మాస్టారూ నిలబడ్డారు. నేనూ ఈసారి గోడకేసి తిరగకుండా కళ్లార్పకుండా చూశాను. దాని చెయ్యి వణకలేదు. అల వచ్చింది, పాఠంలో గీసినట్టే.

రెండు గ్రాఫులూ సరైనవేనని ఆవిడ రాసుకున్నారు. తర్వాత పెన్ను మూత పెట్టకుండానే, ఆ గుర్తు ఎక్కడుందో నీకు ముందే తెలుసా అని అడిగారు. నత్త బల్లకేసి చూస్తూ, తెలుసండీ అంది. అయితే రికార్డులో తెలియదని రాయడం తప్పే కదా అని, ఆవిడ ఆ వాక్యం కొట్టేయించి, యాభైకి అయిదు మార్కులు తగ్గించారు. మిగతా బల్లల మీద ముచ్చటైన అలలు చాలానే ఉన్నాయి. వాటిలో ఎన్ని నిజమో ఎవరూ అడగలేదు.

సోమవారం నాకు మెమో వచ్చింది. నన్ను ల్యాబు నుంచి తీసి సామాన్ల గదికి వేశారు. పదవీ విరమణ దాకా ఇక అక్కడే, పెట్టె మీద చెయ్యి వెయ్యడానికి లేదు. ఆ దిగులు పైకి కనిపించకుండా తిరుగుతున్నాను గానీ, దిగులైతే ఉంది. నువ్వు లేవకుండా ఉండాల్సింది అత్తా అని నత్త వారం రోజులు నాతో సరిగ్గా మాట్లాడలేదు. నేనూ నీకెవరు ఆడమన్నారే అబద్ధం అని వారం రోజులు దాన్ని తిట్టాను.

ఫలితాలు వచ్చిన రోజు తమ్ముడు మార్కుల కాగితం చేత్తో పట్టుకుని ఇల్లంతా తిరిగాడు. కూతురు డిగ్రీ పాసైందన్న సంతోషంతో పాటు వాడికి ప్రతిదీ ఆరా తీసే జబ్బు కూడా ఉంది. ప్రాక్టికల్‌లో నలభై అయిదు బాగానే ఉందిగానీ, ఏడాదంతా చేసిన ప్రయోగంలో ఆ అయిదు ఎక్కడ పోయాయే అని అడిగాడు. నత్త నా వైపు చూడకుండా, ఏదో చిన్న పొరపాటు నాన్నా అంది.

"అవి ఎక్కడా పోలేదురా," అన్నాను. "నాకిచ్చింది."