దొర తుపాకీకి ఇప్పనూనె

మా సంఘం దళానికి ఉన్నది ఒకే ఒక్క తుపాకీ. దాన్ని మా నాయకుడు రాజలింగం ఎవరినీ ముట్టుకోనిచ్చేవాడు కాదు. పాలకుర్తి దిక్కున కోటలాంటి ఒక గడీ మీద పడ్డప్పుడు దొర చేతిలోంచి గుంజుకొచ్చిన సీమతుపాకీ అది. గొట్టం కింద ఇంకో గొట్టం, ఆ కింది గొట్టానికి ఒక కర్రపిడి. ఆ పిడిని వెనక్కి లాగి ముందుకు తోస్తే పాత తూటా బయటపడి కొత్తది ఎక్కుతుంది. ఇదంతా నాకు తర్వాత తెలిసింది. అప్పటికి మాకు తెలిసిందల్లా రాజలింగం చెప్పిందే. రాజలింగానికి తెలిసింది బహు తక్కువ.

నా పేరు ఓదెలు. దళంలో ఉత్తరాలు రాయడం, వంట వండడం నా పని. రెండూ సరిగ్గా చేయననే పేరు కూడా ఉంది.

గడీ కథను రాజలింగం ఊరూరా చెప్పేవాడు. దొర గురిపెట్టి మీట నొక్కాడట, తుపాకీ టక్కుమందట గానీ పేలలేదట. మొదటి ఊళ్లో దొరకూ తనకూ మధ్య ఆరడుగులు. నాలుగో ఊరికి మూడడుగులైంది. కొత్తగూడ అడవికి చేరేసరికి గొట్టం సరాసరి మావాడి రొమ్ముకు ఆనింది. "తుపాకీ పేలాలంటే ఎదురుంగ పిరికోడు ఉండాలె," అని మీసం మీద చెయ్యేసేవాడు. జనం చప్పట్లు కొట్టేవారు. నేనూ కొట్టేవాణ్ని, కొట్టకపోతే ఊరుకునే మనిషి కాడు మరి.

తుపాకీ గుంజుకున్నాక పిడిని ఒక్కసారి లాగి తోశాడు, ఒక తూటా కిందపడింది. "దొర తాన ఒక్కటే ఉన్నది. గిప్పుడు ఖాళీ," అని తేల్చేశాడు. అప్పట్నుంచి అది పగలు తడిబట్టలకు దండెం, రాత్రి తలకింద దిండు. మధ్యలో నన్ను బెదిరించే ఆట ఒకటి. "ఓదెలన్నా, బువ్వ ఇంక కాలేదా?" అంటూ వెనక సుత్తిలా ఉండే గుర్రాన్ని బొటనవేలితో లాగి, నా మొహానికి పెట్టి టక్కుమనిపించేవాడు. రోజుకు రెండుపూటలా వండుతాను కాబట్టి రెండుసార్లు.

కొత్తగూడ దగ్గరి తండాలో మాకు ఆశ్రయమిచ్చింది మోతీబాయి. దసరానాడు మేము లేని సమయం చూసి నాగలితో, గొడ్డలితో పాటు తుపాకీకీ పూజ చేసింది. పసుపు, కుంకుమ, పైన ధారాళంగా ఇప్పనూనె. సందుల్లోకి కూడా ఇంకేలా పోసింది.

"పనిముట్టుకు పండుగనాడన్న నూనె పెట్టకుంటే ఎట్ల, అన్నా? అడివిల మాకు గిదే నూనె," అంది.

తప్పు ఆమెది కాదు. ఇప్పనూనె చలికి నెయ్యిలా పేరుకుంటుందని అక్కడ పిల్లలకు కూడా తెలుసు. తుపాకీలో కూడా పేరుకుంటుందని మాత్రం ఎవరికీ తట్టలేదు. పుష్యమాసం వచ్చింది, పసుపూ కుంకుమా నూనే కలిసి గట్టిపడ్డాయి, పిడి బిగుసుకుపోయింది. రాజలింగం కాలు అడ్డంపెట్టి లాగినా కదల్లేదు.

సరిగ్గా ఆ రోజుల్లోనే అండాలు వచ్చింది. పాతికేళ్ల మనిషి. అదే గడీలో ఎనిమిదేళ్లు వెట్టి చేసి, మేము దాని మీద పడడానికి ముందురోజే పారిపోయిందట. ఊళ్లలో దాక్కుని దాక్కుని చివరికి మా జాడ పట్టుకుంది. దొర జనగామలో రజాకార్ల పంచన చేరి ఆమె కోసం మనుషులను తిప్పుతున్నాడు. దొరికితే ఏం చేస్తాడో ఆమెకూ తెలుసు, మాకూ తెలుసు.

అయినా రాజలింగం మొదటిరోజే తీర్పు చెప్పేశాడు. "దళంల ఉండాలంటే చేతిల పని ఉండాలె, పిల్లా. ఎల్లుండి మా మనిషి పాలకుర్తి దిక్కు పోతడు. ఆయన ఎంట పో."

అండాలు మెడలోని నల్లదారాన్ని పట్టుకుని ఏదో చెప్పబోయింది. "అన్నా, ఆ తుపాకీ..."

"తుపాకీ ముచ్చట ఆడోళ్లకెందుకు?" అని రాజలింగం చెయ్యి అడ్డం పెట్టాడు. మర్నాడూ ఇదే జరిగింది. ఆమె నోరు తెరవడం, ఆయన చెయ్యెత్తడం. నాకు ఒళ్లు మండింది గానీ, వంటవాడి ఒళ్లు మండితే ఎవరు లెక్కచేస్తారు?

మూడోనాడు పొద్దున ప్రయాణానికి ఆమెకు సద్ది కడుతున్నాను. పొయ్యి పక్కన రాజలింగం తుపాకీని నిప్పులమీదికి వంచుతున్నాడు, నూనె కరుగుతుందని. అండాలు చూసింది. అందుకున్న సద్దిమూట అవతల పడేసి ఒక్క ఉరుకులో వెళ్లి తుపాకీని లాగేసుకుంది.

"తూటా ఉన్న తుపాకీని నిప్పులల్ల పెడ్తవా? నీ నెత్తిల ఏమన్న పురుగు తొలిచిందా?"

"ఖాళీది. నేను చూసిన."

"నువ్వు చూసినవ్. తుపాకీ చూసుకున్నదా?" గొట్టం మూతిని మనుషులు లేని గుట్టవైపు తిప్పింది. "నేను ఎనిమిది దసరాలు గిది ఇప్పి తుడిచిన. గిప్పుడు ఇప్పి, తుడిచి, మల్ల బిగిస్త. బాగైతే ఉంట. కాకుంటే నువ్వు చెప్పకముందే పోత. అందరు నా ఎనుకకు రాండ్రి!"

దళమంతా ఆమె వెనక్కి వచ్చేసింది. రాజలింగం కూడా వచ్చాడు, తల గోక్కుంటూ.

వేడినీళ్లలో ముంచి పిండిన గుడ్డను పిడికి చుట్టింది. ఎండలో ఉంచి మళ్లీ చుట్టింది. అంతసేపూ మూతి గుట్టవైపే, వేలు మీటకు దూరంగానే. మూడోసారికి పిడి కాస్త కదిలింది. ఏదో నొక్కి, బలంగా వెనక్కి లాగింది. ఎర్రటి తూటా ఒకటి ఎగిరి రాజలింగం కాలిదగ్గర పడింది.

అండాలు మళ్లీ తోసి లాగింది. ఇంకో తూటా. మళ్లీ. మొత్తం నాలుగు.

"ఒకటి తీస్తే ఇంకోటి ఎక్కుతది, అన్నా. అడుగు గొట్టమంత దీని కడుపే," అంది. ఆ తర్వాత లోపలికి కంటితో చూసింది, చిటికెనవేలు పెట్టి తడిమింది. "గిట్ల కండ్లతోని చూడాలె, ఏలుతోని చూడాలె. గప్పుడు ఖాళీ అనాలె."

రోజుకు రెండుసార్లు చొప్పున మూడు నెలలపైనే. ఎన్నిసార్లు చచ్చి ఉండాలో లెక్కకట్టి, కట్టలేక, రాజలింగాన్ని నా జన్మలో తిట్టని తిట్లన్నీ తిట్టాను. ఆయన వంగి కిందపడ్డ తూటాలు ఏరుకున్నాడు.

అండాలు గొంగడి పరిచింది. పై గొట్టాన్ని మెలిపెట్టి ఊడదీసింది, మరలు విప్పింది. తీసినదాన్ని తీసిన వరుసలోనే పేర్చింది. కందిలి దీపం కోసం నేను దాచుకున్న గాసునూనె అడిగింది. కర్రకు గుడ్డ చుట్టి గొట్టంలో ఆడిస్తే పచ్చగా, ఎర్రగా, చివరికి నల్లగా వచ్చింది. గుడ్డ తెల్లగా వచ్చేదాకా వదల్లేదు. ప్రతి ముక్కనూ పొడిగా తుడిచింది.

మోతీబాయి మొహం చిన్నబుచ్చుకుంది. "నా పూజ ఖరాబు చేసిందా, బిడ్డా?"

"పూజ మంచిదే, అవ్వా. ఇప్పనూనె మాత్రం కూరకే," అంది అండాలు నవ్వుతూ.

చివరికి తూటా వెనక ఉండే ఇనుపదిమ్మెను తీసి, దానిలోని సన్నటి రంధ్రాన్ని రాజలింగానికి చూపించింది. "గీండ్ల సూది ఉండాలె. తూటా అడుగున పొడిచేది. గది లేకుంటే ఎన్నిసార్లు నొక్కినా టక్కుమంటది, అంతే."

"ఏడ పోయింది?"

అండాలు మెడలోని దారం తెంపింది. దానికి చిన్న గుడ్డచుట్ట ఉంది. అదేదో తాయెత్తు అనుకున్నాం. విప్పితే లోపల ఒక ఇనుప సూది. రంధ్రంలోకి జార్చింది. సరిగ్గా సరిపోయింది.

"రెండు రోజులసంది ఇయ్యాలనే చూస్తున్న, నువ్వు మాట్లాడనిస్తివా?" అంది. "రేపు సంగపోళ్లు వస్తరట, ముందుగాల వచ్చెటోన్ని కాలుస్త అని దొర అన్నడు. తుపాకీ తుడువుమని నాకే ఇచ్చిండు. సూది తీసి కొంగున ముడేసుకొని, అదే రాత్రి ఉరికిన. ముందుగాల ఎవలొస్తరో నాకెరుక లేకుండె. ఎవలైతేంది, ఓ తల్లి కొడుకే కద."

ముందు వెళ్లినవాడు ఆమె ఎదుటే కూర్చుని ఉన్నాడు. రాజలింగం చెయ్యి తనకు తెలియకుండానే రొమ్ము మీదికి వెళ్లింది. ఊరూరా తుపాకీ ఆనిందని చెప్పిన చోటే. దొరకు దొరికితే ఆ సూది కోసమే అండాలు వీపు చీల్చి ఉండేవాడు. అలాంటి మనిషిని మేం సద్దికట్టి పంపబోయాం. నాకు సిగ్గేసింది, కళ్లలో నీళ్లు తిరిగాయి.

అండాలు ముక్కలన్నీ బిగించి, ఖాళీ తుపాకీని ఆయన చేతికిచ్చింది. పాత అలవాటు కదా, రాజలింగం బొటనవేలు గుర్రం మీదికి పోయింది. అక్కడే ఆగిపోయింది. తుపాకీ మూతిని గుట్టవైపే ఉంచి, మెల్లగా ఆమెకు తిరిగి ఇచ్చేశాడు.

ఆ రోజు పాలకుర్తికి మనిషి ఒక్కడే వెళ్లాడు. ఆమె సద్ది నేనే తిన్నాను. ఉప్పు ఎక్కువైంది.

వారం తర్వాత భూపాలపల్లి దిక్కు అడవిలో ఒక ఊళ్లో జనం కూడారు. గడీ కథ చెప్పమన్నారు. రాజలింగం లేచి మీసం దువ్వుకుని ఎప్పటిలాగే మొదలుపెట్టాడు. "దొర మీట నొక్కిండు. టక్కుమన్నది..."

అక్కడిదాకా వచ్చి ఆగాడు. తుపాకీ ఒళ్లో పెట్టుకుని వెనక కూర్చున్న అండాలు వైపు తిరిగాడు.

"ఇగ మిగిలింది నువ్వు చెప్పు, అక్కా. నాకు గింతవరకే ఎరుక," అని జనంలో కింద కూర్చున్నాడు.