మూడో గ్రాండ్‌మాస్టర్

ఎదుటివాడు రాకపోతే ఏ చదరంగం ఆటగాడికైనా సంతోషమే. ఆడకుండా పాయింటు వస్తుంది, పెందలాడే ఇంటికి పోయి పడుకోవచ్చు. ఆ ఆదివారం పొద్దున మాత్రం గార్డెన్ రీచ్‌లో ఉండే ఉమామహేశ్ అనే నేను, నా ఎదుటివాడు ఎలాగైనా రావాలని గుర్తొచ్చిన దేవుళ్లందరికీ మొక్కుకుంటూ హౌరా బస్సెక్కాను.

సంగతేమిటంటే, గ్రాండ్‌మాస్టర్ బిరుదు కావాలంటే మూడు టోర్నమెంట్లలో ఆ స్థాయి ఆట ఆడి చూపించాలి. చూపించిన ప్రతిసారీ ఒక నార్మ్ ఇస్తారు. నాకు మొదటిది కాలేజీ రోజుల్లోనే వచ్చింది, రెండోది ఆ తర్వాత కొద్దికాలానికి. కావలసిన రేటింగు కూడా అప్పుడే దాటేశాను. ఆ ఊపులో మూడోది ఎంతసేపు అనుకున్నాను. ఇప్పుడు నాకు ముప్ఫై తొమ్మిది. ఓడరేవు డాకుల్లో పనిచేసిన నాన్న రిటైరయ్యారు, పోయారు కూడా. నేను న్యూ టౌన్ అపార్ట్‌మెంట్లలో పిల్లలకి గుర్రం ఎలా దూకుతుందో నేర్పుకుంటూ బతుకుతున్నాను. నిజం చెప్పాలంటే విసుగెత్తిపోయింది. రైళ్లు, లాడ్జీలు, అర పాయింటుతో చేజారిన నార్మ్‌లు, అన్నీ చాలనిపించింది. ఇదే ఆఖరి టోర్నమెంటని అమ్మతో చెప్పేశాను.

తీరా ఆఖరిదని చెప్పాక ఎన్నడూ ఆడనంత బాగా ఆడాను. తొమ్మిదో రౌండు, అంటే చివరి ఆట, డ్రా చేసుకుని అర పాయింటు తెచ్చుకుంటే చాలు. కాకపోతే ఇంకో రూలుంది. ఆడినవాళ్లలో కనీసం ముగ్గురు గ్రాండ్‌మాస్టర్లు ఉండాలి. అప్పటికి నేను ఇద్దరితోనే ఆడాను. మూడోవారు, చివరి ఆటలో నాకు పడ్డ ఢిల్లీశ్వరరావుగారు. ఆయన రాకపోతే పాయింటు నాదే, కానీ ఆడని ఆట లెక్కలోకి రాదు. అప్పుడు నార్మూ లేదు, బిరుదూ లేదు.

ముందురోజు సాయంత్రం ఫోన్ చేస్తే ఆయన, "ఒళ్లు కాలిపోతోంది బాబూ. రేపు రాలేను. పాయింటు నువ్వు తీసేసుకో, హాయిగా పడుకో," అన్నారు. ఎంత దయగా అన్నారో! నాకు నిద్రే పట్టలేదు.

పొద్దున బయల్దేరుతుంటే అమ్మ మిరియాల చారు కాచి ఫ్లాస్కులో పోసిచ్చింది.

"జొరమొచ్చిన మనిసి ఉత్త కడుపుతో ఏటి ఆడతాడు? దగ్గరుండి తాగించు," అంది.

"ఆయన ఆడేది నా మీదేనమ్మా."

"అయితే ఏటి? నీ మీదయితే కడుపు మాడ్సుకోవాలేటి?"

హౌరా స్టేషను దగ్గర సందులో ఉంది ఆ లాడ్జి. గదిలో ఒకటే మంచం, దండెం మీద ఒకటే చొక్కా. దిండు పక్కన మాత్రలు, చిన్న జేబు చదరంగం. ఈయన రెండుసార్లు జాతీయ ఛాంపియన్. ఒలింపియాడ్‌లో దేశం తరఫున ఆడినవాడు. చిన్నప్పుడు ఈయన ఆటలు నాకు కంఠతా వచ్చు. అరవై దగ్గర పడుతున్న మనిషి దుప్పటి మెడదాకా లాక్కుని, ఊరెళ్లే రాత్రి రైలు ఎప్పుడా అని చూస్తున్నాడు. ఇదా నేను ఇన్నేళ్లుగా కావాలనుకుంటున్నది అనిపించి గుండె నీరైపోయింది. అయినా కావాలి. అదే నా ఖర్మ.

నార్మ్ సంగతి విప్పి చెప్పాను. ఆయన దిండుకి ఆనుకుని లేచి కూర్చున్నారు.

"అయితే నీకు నేను కావాలన్నమాట."

"మీరు కాదు సార్. మీ బిరుదు."

ఆయన పకపకా నవ్వి, నవ్వు దగ్గులోకి దిగి, నీళ్లు తాగారు. తర్వాత అమ్మ పంపిన చారు మొత్తం తాగి, దండెం మీది చొక్కా తొడుక్కున్నారు. ట్యాక్సీలో టోర్నమెంటు జరిగే న్యూ టౌన్ హాలు దాకా నా భుజం మీద తలవాల్చి నిద్రపోయారు.

మేం చేరేసరికి రౌండు మొదలై పది నిమిషాలైంది. అరగంటలోపు వస్తే పరవాలేదు. నా ఎదుటివాణ్ని నేనే చెయ్యి పట్టుకుని నడిపించుకు రావడం చూసి పోటీ నడిపే ఆర్బిటర్ దాదా కళ్లద్దాలు సర్దుకున్నాడు.

తెల్ల పావులు నావి. ఆయన మఫ్లర్ చుట్టుకుని కూర్చున్నారు. ఎత్తుకీ ఎత్తుకీ మధ్య కళ్లు మూసుకునేవారు, చెయ్యి వణికేది. పాపం, ఈయన డ్రా ఇచ్చేసి వెళ్లి పడుకుంటారు అనుకున్నాను. ఏ గొడవా లేకుండా పావులు మార్చుకుంటూ పోయాను. ఇరవై ఆరో ఎత్తు వేసి, గొంతు తగ్గించి, "డ్రా, సార్?" అన్నాను.

ఆయన కళ్లు తెరిచి బోర్డు వంక చూశారు. చాలాసేపు చూశారు. తర్వాత మఫ్లర్ విప్పి కుర్చీ మీద వేసుకుని, రాజుని ఒక గడి పక్కకి జరిపి గడియారం నొక్కారు.

"ఆడు," అన్నారు.

ఆడాను. నాలుగు గంటలు ఆడాను. ఆయన చెయ్యి వణకడం మానలేదు గానీ ఒక్క ఎత్తు కూడా తప్పు పడలేదు. నా చేతిలో అర పాయింటు ఉందనుకున్నప్పుడల్లా అది కొంచెం కొంచెంగా అరిగిపోయింది. చివరికి ఆయన బంటు ఒకటి నడుచుకుంటూ వెళ్లి మంత్రి కాబోతుంటే ఓటమి ఒప్పుకుని చెయ్యి కలిపాను. ఆయన చెయ్యి ఇంకా కాలుతూనే ఉంది.

తీసుకొచ్చినవాణ్ని తీసుకెళ్లి దిగబెట్టాలి కదా. మళ్లీ ట్యాక్సీ, మళ్లీ నా భుజం మీద ఆయన తల. నాకు ఒళ్లుమండిపోతోంది. హౌరా బ్రిడ్జి మీద బండ్లు ఆగిపోయాయి, ఆయన లేచారు. ఇక ఆగలేకపోయాను.

"డ్రా ఇస్తే మీ సొమ్మేం పోయేది సార్?"

"ఏమీ పోయేది కాదు," అన్నారు. "నువ్వు అడిగినప్పుడు ఇచ్చేద్దామనే కళ్లు తెరిచాను. బోర్డు చూస్తే అప్పటికే నేను చచ్చి ఉండాల్సింది."

నాకు అర్థం కాలేదు.

"డ్రా కోసం వేసిన ఆ ఎత్తుకి బదులు ఏనుగుని ఏడో వరసలోకి దింపి ఉంటే అక్కడే ఓటమి ఒప్పుకునేవాణ్ని. పొద్దున చారు తాగుతూ నువ్వు గెలుస్తావనే అనుకున్నాను. నువ్వు నా జ్వరం చూశావు బాబూ. బోర్డు చూడలేదు."

బండి కదిలింది. నేను కళ్లు మూసుకుని బోర్డు గుర్తు చేసుకున్నాను. ఏనుగు ఏడో వరసలోకి. రాజుకి పారిపోయే దారి లేదు. నా న్యూ టౌన్ పిల్లలకి చూపించినా పట్టేస్తారు. ఇన్నేళ్లూ ఆ అర పాయింటు కోసం వెతికీ వెతికీ, మొత్తం పాయింటు ఎదురుగా ఉంటే గుర్తుపట్టలేకపోయాను. ఏడుపొచ్చింది. లాడ్జిలో సామాను తీసుకుని, రాత్రి స్టేషన్లో ఆయన్ని పై బెర్తు కాకుండా కింది బెర్తులో పడుకోనివ్వమని పక్కవాళ్లని బతిమాలి, వచ్చేశాను.

ఇంటికొచ్చేసరికి అమ్మ గుమ్మంలోనే ఉంది.

"ఏటయింది?"

"ఓడిపోనానమ్మా."

"జొరమొచ్చిన మనిసి మీదా?" అని నోరు నొక్కుకుంది. నా చేతిలో ఫ్లాస్కు తీసుకుని ఊపి చూసింది. "మిరియాల సారు మొత్తం తాగేసినాడే!"

నేను అటక మీంచి బోర్డు దించి నేల మీద పావులు పేర్చసాగాను.

"ఇదే ఆకరన్నావు కదేటి? మళ్లీ అదేల తీస్తన్నావు?"

"ఒక్క ఎత్తుందమ్మా. అదేసి మానేస్తాను," అని, ఏనుగుని ఏడో వరసలో పెట్టాను.