చితికి ఉంచుకున్న చెట్టు

“పక్క తోటలో బంగినపల్లి కట్టెలు తెచ్చి తగలేస్తావా నన్ను?” వెంకాయమ్మ మళ్ళీ అడిగింది.

“పోయాక ఏ కట్టెయితే ఏంటమ్మా?” అన్నాడు కొడుకు లక్ష్మీనరసింహారావు, ఇడ్లీ మీంచి తలెత్తకుండా.

“ఏంటా? చిన్నరసాలు తిని బతికాను. చిన్నరసంతోనే పోతాను.”

గాలివానకి తోటలో ముసలి చిన్నరసం చెట్టు కూలిన దగ్గర్నుంచీ ఇదే గొడవ. కాపుడిగిన ఆ చెట్టుని తన చితికి ఉంచమని వెంకాయమ్మ ఏనాడో చెప్పింది. ఇప్పుడు దాని మాను మీద క్లోదీన్ కన్ను పడింది.

క్లోదీన్ ఫ్రాన్సు శిల్పి. మనవరాలు కీర్తిప్రియ చదివే కాలేజీకి పాఠాలు చెప్పడానికొచ్చి, సెలవులకి ఆ పిల్లతో నూజివీడు వచ్చింది. అరవై దాటినా ఉలి వదల్లేదు. ఆమె జీవితమంతా చెక్కలో చెక్కింది కూర్చున్న ఆడవాళ్ళనే. ఫోన్లో ఆ బొమ్మలు చూసి, “ఇంతమంది కూర్చుంటే వాళ్ళిళ్ళల్లో పనెవరు చేస్తారే?” అంది వెంకాయమ్మ.

గొడవేమిటో కీర్తిప్రియ చెప్పగానే క్లోదీన్ గబగబా చేతులూపింది.

“నానమ్మా, ఆవిడకి మాను వద్దంట. వాళ్ళ నాన్న శవపెట్టెలు చేసేవాడంట. ఆవిడ ఉలి పట్టింది ఆయన దగ్గరేనంట. ఒకరికని పక్కన పెట్టిన చెక్క ఆయన ఇంకొకరికి ఇచ్చేవాడు కాదంట.”

వెంకాయమ్మ ముఖం విప్పారింది. “బతికుండగానే పెట్టె చేయించుకునేవాళ్ళున్నారేమో అడుగు.”

“ఉన్నారంట. ఒకాయన ఖాళీగా ఎందుకని అందులో యాపిల్స్ దాచుకునేవాడంట.”

“తెలివైనోడు!”

ఆ మధ్యాహ్నం వెంకాయమ్మ వరండాలో కాళ్ళు చాపుకుని చింతపండు గింజలు తీస్తుంటే, క్లోదీన్ విరిగిన కొమ్మముక్క ఒకటి తెచ్చుకుని ఎదురుగా కూర్చుంది. ఒకరి భాష ఒకరికి రాదు. అయినా మాట్లాడుకుంటూనే ఉన్నారు. పొద్దువాలేసరికి కొమ్మలోంచి వెంకాయమ్మ పాదం బయటికొచ్చింది.

“మడమ పగుళ్ళు కూడా చెక్కిందేంటే! వేలు వంకర కూడానా! సుభద్రా, దీన్ని పొయ్యిలో పెట్టు,” అని కోడల్ని కేకేసింది వెంకాయమ్మ.

సుభద్ర నవ్వుతూ అందుకుని రెండడుగులు వేసిందో లేదో, “నిజంగానే పెట్టేస్తావేంటమ్మా!” అంటూ వెంకాయమ్మ వెనకే లేచి లాక్కుంది. తర్వాత సుభద్ర దీపం పెడుతూ చూస్తే, అత్తగారు మంచం మీద కూర్చుని చెక్కపాదాన్ని తన పాదం పక్కన పెట్టుకుని, ఒకసారి దీన్నీ ఒకసారి దాన్నీ నిమురుతోంది.

రాత్రి అందరూ భోజనాలకి కూర్చున్నారు. పెరుగన్నం కలుపుకుంటూ, ఎవరివైపూ చూడకుండా వెంకాయమ్మ నెమ్మదిగా అంది:

“మాను ఆవిణ్ణి తీసుకోమనండి.”

అందరి చేతులూ ఆగాయి.

“కొమ్మలు కొట్టించి పాకలో పెట్టండి. నాకవి చాలు. నేనేమంత లావున్నానని?”