ఆర్మడిల్లోకు కట్టిన పాట

అయినా కూతురి కోసం పాట కట్టడం తప్పెట్లా అవుతుందని, మంచం చుట్టూ కట్టుకున్న దుప్పటి తెర వెనక జలంధర్ తనతో తనే వాదిస్తున్నాడు. బిడ్డ బొమ్మల పుస్తకంలోని ఆర్మడిల్లో అనే పెంకుల జంతువు భయమేస్తే బంతిలా ముడుచుకుంటుంది. దానికి ఆడవాళ్ళు పాడుకునే బతుకమ్మ వరుసలో ఒక పాట కట్టి, ఫోన్‌లో రికార్డు చేసి పంపాడు. అది ఇంటికి కాక కూలీల క్యాంపు వాట్సాప్ గ్రూపుకు పోయింది. నలుగురి ముందు ఎన్నడూ పాడని మనిషి పాటను, గల్ఫ్‌లో ప్రపంచకప్ కోసం లుసైల్ స్టేడియం కట్టేవాళ్ళంతా విన్నారు.

శుక్రవారం సెలవు. గదిలో డప్పు మోగుతోంది.

"జలంధరన్నా, బయటికి రా. పాటగాడు లేక డప్పు ఉత్తగనే మోగుతుంది," అన్నాడు పక్క మంచం ముఖీత్.

"జరమొచ్చింది."

"జరం గాదన్నా, నువ్వు సుత దానిలెక్కనే ముడుసుకున్నవ్. బిడ్డకు ఫోన్ జేసి చెప్పాల్నా?"

అందరూ నవ్వారు. ఆ నవ్వులో వెక్కిరింత ఎంత, పిలుపు ఎంత అని జలంధర్ తూచి చూశాడు, తేలలేదు. ఈలోగా వాళ్ళే ఆ పాట ఎత్తుకున్నారు. రెండో చరణంలోనే వరుస తప్పారు. ఆర్మడిల్లో భయం తీరి మెల్లగా విచ్చుకునే చోటును పెళ్ళి బ్యాండులా ఉరికించారు. సిగ్గును ఓర్చుకున్నాడు గాని, దీన్ని ఓర్చుకోలేకపోయాడు.

"ఆపుండ్రి," అని లేచి కూర్చుని, ఆ చరణాన్ని నిదానంగా మొదటినుంచి పాడాడు.