ఎనభై మూడు తప్పులు

ఉగోయె ఇరవై పుస్తకాలు కుట్టి తెచ్చింది కానీ బల్ల మీద పెట్టలేదు. గుడ్డమూట ఒళ్ళో పెట్టుకుని, దాని మీద రెండు చేతులూ బిగించి కూర్చుంది.

ఒనిచా పుస్తక చరిత్ర సభ ప్రతి నెలా మొదటి శనివారం మందుల దుకాణం మీది గదిలో కూడుతుంది. కింద జనరేటర్ మోత, పైన పదహారు మంది, మధ్యలో పొడవాటి బల్ల. ఈ ఊరి ప్రెస్సుల్లో అచ్చయిన చవక పుస్తకాలను చదువుకున్నవాళ్ళు పుస్తకాలనే అనుకోలేదు. మార్కెట్లో వాటి కాగితాల్లో వేరుశెనగలు పొట్లం కడుతుంటే ఎవడూ ఆపలేదు. ఆపింది వీళ్ళే. ట్రంకు పెట్టెలు వెతికి, పొట్లాలు విప్పి, అంతర్యుద్ధంలో కాలగా మిగిలిన ముక్కలు ఏరి, తొమ్మిదేళ్ళలో ఆరువందల పుస్తకాలు పోగేశారు. వాటన్నిటి జాబితా సోమవారం అచ్చుకు వెళ్తుంది. చివరిసారి సరిచూసుకోడానికి కుట్టించిన కాపీలే ఉగోయె ఒళ్ళో ఉన్నాయి.

కుట్టేవాళ్ళు చదవరని ఎవరు చెప్పారు? గురువారం సూదిలో దారం ఎక్కిస్తూ ఆమె జాబితాలో రెండువందల పన్నెండో పుస్తకం దగ్గర ఆగింది. కల్లుగీసేవాడి కథ అది. కథ ఇంగ్లీషు, మధ్యలో పాటలు వాళ్ళ సొంత భాష ఇగ్బో. దాని కింద ఇలా రాసి ఉంది: "చివరి పేజీ లేదు. ముద్రాపకుడు తెలియదు. కంపోజిటర్ అజాగ్రత్త మనిషి. తలకిందులైన అక్షరాలు ఎనభై మూడు. సిరా మరకలు లెక్కలేనన్ని."

ఆ కంపోజిటర్, అంటే అచ్చుకు సీసం అక్షరాలు పేర్చినవాడు, ఆమె మొగుడు ఒన్వుడివె. చనిపోయి పదకొండేళ్ళు. బతికినంత కాలం ఏ పుస్తకంలోనూ అతని పేరు పడలేదు. ఇప్పుడు పేరు లేకుండానే తిట్టు మాత్రం పడబోతోంది.

సభ మొదలుపెట్టే ఆనవాయితీ ప్రకారం కోలా గింజ విరిచి పంచారు. తెల్ల వంకాయ ముక్కలు, వేరుశెనగ ముద్ద పళ్ళెం తిరిగింది. ఆమె ముట్టలేదు.

"కాపీలివ్వమ్మా, మొదలెడదాం" అన్నాడు సభాధ్యక్షుడు, రిటైరైన ప్రొఫెసర్ ఎమెజులు.

"ఇవ్వను."

"దారం డబ్బులేమైనా తక్కువయ్యాయా?"

"దారం సంగతి కాదు. మా ఆయన్ని అజాగ్రత్త మనిషి అన్నదెవరు? ముందు వాణ్ణి చూపించండి."

గదంతా నవ్వబోయి ఆగింది. డాక్టర్ ఇఫెడియోరా చెయ్యెత్తాడు. ముప్పై అయిదేళ్ళవాడు, లేగోస్‌లో పుట్టి పెరిగినవాడు, జాబితాలో సగం అతని చెమటే.

"నేనేనమ్మా. మీ ఆయన అని నాకు తెలీదు. కానీ అక్షరాలు తలకిందులుగా ఉన్నాయి కదా. ఒక్కొక్కటీ లెక్కపెట్టాను."

"లెక్కపెట్టావు నాయనా. చదివావా?"

"అంటే?"

"పాట పాడి చూశావా అని. మీరంతా ఫోన్లలో చుక్కల్లేని ఇగ్బో కొట్టేసుకుంటారు. చుక్క కనిపిస్తే దుమ్మనుకుని తుడిచేసే రకం!"

ప్రొఫెసర్ మీసం కింద నవ్వు దాచుకున్నాడు. "అమ్మా, ఇక్కడ పద్ధతి నీకు తెలుసు. మాట ఎవరిదైనా వింటాం. రుజువుగా కాగితం మాత్రం బల్ల మీద ఉండాలి."

ఆ పద్ధతంటే ఉగోయెకు గౌరవమే. ఈ బల్ల ముందు ప్రొఫెసరూ ఒకటే, పాత కాగితాలు కొనేవాడూ ఒకటే. అది తెలిసే వచ్చింది. లేకపోతే ఇంట్లో కూర్చుని శాపనార్థాలు పెట్టుకునేది.

ఆమె లేచి, సభవాళ్ళ కట్టలోంచి కల్లుగీసేవాడి పుస్తకం తీసి తెరిచి, పాట మీద వేలు పెట్టింది.

"మన ఇగ్బో రాసేదీ ఇంగ్లీషు అక్షరాలతోనే. చిన్న ఐ అక్షరానికి చుక్క ఎక్కడుంటుంది? నెత్తి మీద. 'రి' అంటే తినడం. అదే చుక్క కాళ్ళ కిందికి దిగితే? ఎక్కడం. చెట్టెక్కేవాడి పాట ఇది. కింద చుక్క ఉన్న అక్షరం మా ప్రెస్సులో అక్షరాలుంచే కేసులో లేదు. బయట్నించి వచ్చిన సీసం అక్షరాల్లో మన భాషకి చోటేదీ? ఆయన ఐ అక్షరాన్ని తిరగేసి పేర్చాడు. చుక్క దానంతటదే కిందికి దిగింది. అవి తప్పులు కావు నాయనా. లేకపోతే నీ కల్లుగీసేవాడు చెట్టు తింటాడు!"

"మరి మరకలు?" అన్నాడు ఇఫెడియోరా. గొంతు తగ్గింది.

"కింద చుక్క కావలసిన మిగతా అక్షరాలు, ఓ, యూ, తిరగేస్తే చుక్క రాదుగా. అచ్చయ్యాక నారింజ చెట్టు ముల్లు సిరాలో ముంచి, ప్రతి కాపీలో, ప్రతి అక్షరం కింద చేత్తో పెట్టాం. నేనూ, ఇంకో నలుగురు ఆడవాళ్ళం. అవి మరకలా?"

ఇఫెడియోరా పేజీని కళ్ళ దగ్గరికి తెచ్చుకుని చుక్కలు చూశాడు.

"అమ్మా, తప్పులు కావని ఒప్పుకుంటాను" అన్నాడు ఇఫెడియోరా. "కానీ ఇది మీ ఆయన చేతి పనే అని ఎలా? ఇంకో ప్రెస్సువాడు కూడా తిరగేసి ఉండొచ్చుగా?"

మంచి ప్రశ్న. ఉగోయెకు కోపం రాలేదు. రవికెలోంచి గుడ్డలో చుట్టిన కార్డు తీసి బల్ల మీద పెట్టింది. తన పెళ్ళి కార్డు. అందులో పెళ్ళికొడుకు పేరు మధ్యలో ఐ అక్షరం తలకిందులుగా ఉంది, చుక్క కింద. అడుగున, కంపోజ్ చేసింది పెళ్ళికొడుకే అని ఒక వరుస. సొంత పెళ్ళి గనక ధైర్యం చేసి పేరు వేసుకున్నాడు.

ఇఫెడియోరా భూతద్దం తీసుకుని కార్డు మీదా, పుస్తకం మీదా మార్చి మార్చి వంగాడు. చాలాసేపటికి తలెత్తాడు.

"ఇదిగో, జీ అక్షరం. తోక విరిగిన జీ. కార్డులోనూ ఉంది, పుస్తకంలో పదకొండో పేజీలోనూ ఉంది. విరిగిన చోటూ అదే. ఒకే కేసు, ఒకే ప్రెస్సు." తను రాసిన వాక్యాన్ని తనే కొట్టేస్తున్నాడు. అయినా మొహంలో వెలుగే తప్ప చిన్నతనం లేదు. సభ అంటే ఇలాంటివాళ్ళు కూర్చునే చోటు.

"అయినా ఎనభై మూడూ చూడాలి" అన్నాడు ప్రొఫెసర్. "ఎనభై రెండు సరిపోయి ఒకటి సరిపోకపోతే, ఒకటని రాయాలి."

పాటలున్న పేజీల నకళ్ళు తలా ఒకటి పంచుకున్నారు. ముసలివాళ్ళు గొంతెత్తి పాడారు, కుర్రవాళ్ళు వేలు పెట్టి చూశారు. కింద మందులు కొనడానికొచ్చినవాళ్ళు మెట్ల మీదికి వచ్చి నిలబడ్డారు. సరే, సరే, సరే. ఎనభై రెండు.

"ఇదొక్కటి" అన్నాడు ఇఫెడియోరా నెమ్మదిగా. ముప్పై ఒకటో పేజీ. కల్లుగీసేవాడు చెట్టు దిగి ఇంటికొచ్చి దుంప తినాలి. ఇక్కడా చుక్క కిందే ఉంది.

"దుంప ఎక్కాడు!" అని మూలనుంచి ఎవరో అన్నారు. గది ఫక్కుమంది.

ఉగోయె నవ్వలేదు. పేజీని దగ్గరికి లాక్కుంది. ఊరుకుంటే ఒక్క తప్పే కదా, ఎవరూ పట్టించుకోరు. కానీ అది ఆయన ఖాతాలో పడుతుంది.

"అది ఆయనది కాదు" అంది. "అప్పుడాయనకి మలేరియా. ఆ పేజీ నేను పేర్చాను. చెట్టెక్కడాలు పేర్చీ పేర్చీ చెయ్యి అలవాటున తిరగేసింది. తప్పు నా పేరున రాయండి."

ప్రొఫెసర్ కలం తీశాడు. "రాస్తాం. కంపోజిటర్లు ఇద్దరు. ఒన్వుడివె. ముప్పై ఒకటో పేజీకి అతని భార్య ఉగోయె. తప్పు ఒకటి."

"నా పేరెందుకు?"

"ఆ పేజీ నువ్వే పేర్చానన్నావు కదమ్మా."

ఆమె మూట విప్పి ఇరవై కాపీలూ బల్ల మీద పెట్టింది. ఇఫెడియోరా వైపు వేలు చూపించింది.

"ఆయన పేరులో చుక్క కిందే పెట్టు నాయనా. కంప్యూటర్లో రాకపోతే చెప్పు, ముల్లు తెస్తాను."